కుంచము ఎవరి చేతిలో ఉన్నది?



సమాజములో అధికారము, దానివలన మనుష్యుల మనస్సులలో కలుగు మార్పులు అను విషయముమీద ఈ సీతంపేట కూడికలో మాట్లాడమని కమిటీవారు మమ్మును కోరారు. వేదాంత కళాశాలలో ఈ విషయముమీద నోట్సు వ్రాసుకున్నాము, పరీక్షలో ప్యాసు కూడా అయ్యాము. అయినను అది మాకు అర్థమైనది ఈ కొండలమీద సంఘపరిచర్యకు వచ్చిన తరువాతనే. కాబట్టి పుస్తకము ప్రక్కనపెట్టి కుంచముతో మొదలుపెట్టుదుము.

ఒకప్పుడు సంతకు వచ్చే షావుకారు దగ్గర రెండు కొలతలు ఉండేవని మన ముసలివారు చెప్పుదురు. చింతపండు, కందులు, చోళ్లు మన దగ్గర కొనేటప్పుడు ఒకటి, ఉప్పు మనకు అమ్మేటప్పుడు ఇంకొకటి. కొనే కుంచము పెద్దదని సవరలకు తెలుసు, జాతాపులకు తెలుసు, పశువులు కాసే పిల్లవానికి కూడా తెలుసు. రాత్రి నెగడు దగ్గర దానిని చెప్పుకొని నవ్వుకొనేవారు కూడ. తెల్లవారి సంతకు వెళ్తే మాత్రము ఎవరి నోటను మాట లేదు. అప్పు ఉన్నది, నిజమే. అటవీ గార్డు, మునసబు షావుకారు పక్షమే, అదియు నిజమే. అయితే అప్పు లేనివాడు కూడా మాట్లాడలేదు గదా! ప్రక్కవాడు ఊరకున్నాడు గనుక నేనును ఊరకుందును అని ఇతడు, ఇతడు ఊరకున్నాడు గనుక నేనును అని ప్రక్కవాడు. ఒక్క కుంచము ముందు వందమంది, ఎవరికివారు ఒంటరిగా నిలబడ్డారు.

1951లో సాలమన్ ఆష్ అను శాస్త్రజ్ఞుడు అమెరికాలో ఒక పరీక్ష ప్రకటించాడు. ఒక గదిలో కొందరిని కూర్చుండబెట్టి గీతలు చూపించి, ఏ గీత ఏ గీతతో సమానమో చెప్పమనేవాడు. చిన్నపిల్లలు కూడా చెప్పగలిగిన లెక్క. అయితే ఆ గదిలో ఒక్కడు తప్ప మిగిలినవారందరు ముందుగానే నేర్పబడినవారు. వారు కావాలని తప్పు చెప్పేవారు. ఆ ఒక్కడు ఏమి చేస్తాడో చూడటమే పరీక్ష. నూటికి 37 సార్లు అతడును తప్పే చెప్పాడు. నూటికి 75 మంది కనీసము ఒక్కసారైనా తమ కన్నులు చూసినదానిని కాదన్నారు. వారికి అప్పు లేదు, గార్డు భయము లేదు. పదిమంది ముఖములు మాత్రమే ఉన్నవి. అయితే ఆ గుంపులో మరొక్కడు నిజము చెప్పేవాడు ఉంటే చాలు, తప్పులు నాలుగవవంతుకు పడిపోయినవి. అది చదివినప్పుడు మాకు అమెరికా కనబడలేదు, మన సంత కనబడినది.

మన కొండలలో ఆ మరొక్కడు ఎప్పుడు వచ్చాడు? గిరిజనుల భూములు ఇతరుల చేతికి పోకుండా 1917లోనే ఏజెన్సీ చట్టము ఉన్నది. 1959లో ఇంకొక రెగ్యులేషన్ వచ్చినది. దానిని అమలుపరచుటకు కావలసిన నిబంధనలు తయారైనది 1969లో! పదేండ్లు చట్టము కాగితముమీద నిద్రపోయినది. దానిని లేపినది ఎవరు? పార్వతీపురము ఏజెన్సీలో బడిపంతుళ్లుగా పనిచేసిన వెంపటాపు సత్యనారాయణ, ఆదిభట్ల కైలాసము వంటివారు గిరిజన సంఘము కట్టారు. పాలేరు జీతము పెంచాలి, వెట్టి పోవాలి, పోయిన భూమి తిరిగి రావాలి అని అడిగారు. ఇవి ఇంటిలో అందరు అనుకొనే మాటలే. పదిమందిలో పైకి అనుట మాత్రమే క్రొత్త. ఒక ఊరిలో పాలేరు జీతము పెరిగినదని విని, ప్రక్క ఊరి పాలేరు తన కామందు ముఖము వేరుగా చూశాడు.

1967 అక్టోబరు 31న మొండెంఖల్లులో జరుగుచున్న గిరిజన సంఘ మహాసభకు వెళ్తున్నవారిని లేవిడి దగ్గర భూస్వాముల మనుషులు అడ్డగించి కాల్చారు. కోరన్న, మంగన్న అను ఇద్దరు చనిపోయారు. కోర్టులో నిందితులు విడుదలైనారు. ఆ తరువాత చరిత్ర మీకు తెలిసినదే. తుపాకులు వచ్చినవి, పోలీసు క్యాంపులు వచ్చినవి, రెండు ప్రక్కల రక్తము కారినది, 1970 జులైలో ఆ పంతుళ్లిద్దరు చంపబడ్డారు. హత్యను మేము సమర్థించము, ఎవరు చేసినను. అయితే షెడ్యూల్డు ప్రాంతములో గిరిజనేతరులకు భూమి బదిలీ చేయకూడదని ఖండితముగా చెప్పిన 1970 రెగ్యులేషన్ ఆ గొడవ లేకుండా వచ్చియుండేదని చెప్పుటకు మాకు ధైర్యము చాలదు. ఆ సంవత్సరములలో మన సంఘములు ఏమి చేసినవి అని ఒక పెద్దాయనను అడిగాము. "ప్రార్థించినాము అయ్యగారూ" అన్నారు. ఆయన వెటకారముగా అనలేదు. దానికి మేము ఏమి అనాలో ఇప్పటికిని తోచలేదు.

సరే, షావుకారు కుంచము తగ్గినది. గిరిజన కార్పొరేషను డిపోలు వచ్చినవి, సీతంపేటలో ఐ.టి.డి.ఏ. ఆఫీసు వచ్చినది, 2022లో మన మండలము పార్వతీపురం మన్యం జిల్లాలో చేరినది. ఇక్కడ ఒక చిక్కు ఉన్నది. బ్రెజిలు దేశపు పౌలో ఫ్రెయిరీ, తరువాత జెనీవాలో ప్రపంచ క్రైస్తవ సంఘముల మండలిలో పనిచేసినవాడు, అణగారినవారి చదువును గురించి వ్రాసిన గ్రంథములో ఒక సంగతి చూపించాడు. ఏండ్ల తరబడి అణగియున్నవాని మనస్సులో దొర ఒకడు కాపురముంటాడు. వీనికి విడుదల కలిగితే మొదట కోరేది ఆ దొర కూర్చున్న కుర్చీ. ఇశ్రాయేలీయులు ఎర్ర సముద్రము దాటినను ఐగుప్తు వంటకుండలను తలంచుకొనలేదా? ఐగుప్తునుండి వారు ఒక్క రాత్రిలో బయటికి వచ్చారు. వారిలోనుండి ఐగుప్తు బయటికి వచ్చుటకు నలువది ఏండ్లు చాలలేదు.

మాకు తెలిసిన దొర ఒకడున్నాడు. వాని సంగతి చెప్పుదుము.

మేము మునుపు పనిచేసిన ఒక కొండ సంఘములో తల్లులు పిడికెడు బియ్యము తీసేవారు. పొయ్యిమీద ఎసరు పెట్టినప్పుడెల్ల ఒక పిడికెడు ప్రభువుకని ప్రక్కన కుండలో వేసి, ఆదివారము గుడికి తెచ్చేవారు. పోడు పంట అయిపోయి అంబలి కూడ పలుచబడిన నెలలలో సైతము ఆ కుండ ఖాళీగా రాలేదు. ఆ బియ్యము అమ్మిన డబ్బు కమిటీ చేతిలో ఉండేది. కమిటీ అంటే అయిదుగురు మగవారు, ఆరవది మేము. ఒక ఆదివారము ఆరాధన అయిన తరువాత ఒక సవర తల్లి లేచి, "అయ్యగారూ, మా పిడికెడు బియ్యం అమ్మితే ఎంత వచ్చింది?" అని అడిగినది. అడిగినది అంతే. గుడి అంతా నిశ్శబ్దమైనది. మేము ఏమన్నాము? "అమ్మా, దేవునికి ఇచ్చినదాని లెక్క అడగకూడదు" అన్నాము. ఆమె కూర్చున్నది. తక్కిన తల్లులు నేలవైపు చూశారు.

ఆ డబ్బులో ఒక్క రూపాయి తప్పిపోలేదు. ఆ సంగతి మేము ఎక్కడనైనా చెప్పగలము. అయితే లెక్క సరిగానే ఉన్నప్పుడు ఆ మాట ఎందుకన్నాము? అడిగినందుకు కోపము వచ్చినది, అంతకు మించి కారణము లేదు. దొంగ కొలతలమీద ఆమోసు చెప్పినదానిని అదే గుడిలో అంతకుముందే ప్రసంగించియుంటిమి. సంతలో వందమందిని నోరు మూయించిన పని ఆ రోజు మా నోటితో మేమే చేశాము, దేవుని పేరు కూడ కలిపి. మరుసటి వారము ఆమె కుండ వచ్చినది, ఆమె రాలేదు. మనుమరాలి చేతికి ఇచ్చి పంపినది.

రెండు నెలలకు ఆమె ఇంటికి వెళ్లి లెక్క కాగితము ఇచ్చాము. ఆమెకు చదువు రాదు. మనుమరాలు చదివినది. ఆమె విని, "అందరి ముందర అడిగితిని గదా అయ్యగారూ" అన్నది. మరుసటి ఆదివారము గుడిలో చదివాము. ఆమె వచ్చినది, ఏమియు అనలేదు. మరి ఇద్దరు తల్లులు మాత్రము దీపాల నూనె ఖర్చు ఎందుకు అంత అయినదని అడిగారు. నిజముగానే ఎక్కువ అయినది.

భాష సంగతి కూడ చెప్పవలెను. గిడుగు రామమూర్తి పంతులుగారు పర్లాకిమిడిలో ఉండి సవర భాష నేర్చుకొని, 1931లో వ్యాకరణము, 1938లో నిఘంటువు ప్రకటించారు. నూరేండ్ల పండుగ చేసుకుంటున్న మనము కమిటీ తీర్మానములు నేటికిని తెలుగులోనే చదువుతున్నాము. అర్థము కానివారు చేతులెత్తుచున్నారు. ఎత్తిన చేతులు లెక్కపెట్టి "ఏకగ్రీవము" అని వ్రాసుకుంటున్నాము. 2006 అటవీ హక్కుల చట్టపు నిబంధనలు సహితము, గ్రామసభకు వచ్చినవారిలో మూడవవంతు స్త్రీలు ఉండవలెనని చెప్పుచున్నవి. మన సంఘ కమిటీలకు అటువంటి నిబంధన లేదు. ఒకవేళ పెట్టుకున్నను, చాపమీద మూలగా కూర్చుండబెట్టి సంతకము మాత్రము తీసుకొనే అలవాటు మనకున్నది గనుక, దానితో పని అయిపోయినదని అనుకోము.

ఈ శతవార్షిక పండుగ జమాఖర్చులు రేపు భోజనములకు ముందే, తెలుగులోను సవరలోను, అందరి ఎదుట చదవవలెనని కమిటీవారికి మనవి చేశాము. కొంత చర్చ జరిగినది. భోజనములు ఆలస్యమగునని ఒకరన్నారు. చివరకు ఒప్పుకున్నారు. సవరలో చదువుటకు ఒక తల్లి కావలెను. ఈ కూడిక అయిన తరువాత మేము ఆ చింతచెట్టు క్రింద ఉందుము.