అమ్మ చూసిన వెన్నెల



మా అమ్మ రేపల్లె దగ్గర ఓ పల్లెలో పుట్టింది. ‘మాయాబజార్’ని డేరా సినిమాలో నేల టిక్కెట్టుకు చూసింది. ఆట వదిలాక బండి మీద ఇంటికొస్తుంటే దారి పొడుగునా పిండారబోసినట్టు వెన్నెల కాసిందని చెప్పేది. పెద్దమ్మ ఒప్పుకునేది కాదు. “అమావాస్య ముందురోజే అది. బండికి లాంతరు కట్టుకుని వచ్చాం” అనేది. ఇద్దరూ చివరిదాకా మాట మార్చలేదు. పెద్దమ్మ చెప్పిందే నిజమై ఉంటుంది. నేనివాళ మాట్లాడదలచుకున్నది మాత్రం అమ్మ చూసిన వెన్నెల గురించి.

ఆ వెన్నెల ఏ ఆకాశంలోనూ కాయలేదు. 1957 మార్చి 27న విడుదలైన ఆ సినిమాలో, ‘లాహిరి లాహిరి’ పాటలో, అభిమన్యుడూ శశిరేఖా పడవలో కూర్చున్నప్పుడు నీళ్ల మీద పరుచుకున్న వెలుగు అది. కెమెరా పట్టినవాడు మార్కస్ బార్ట్లే. సిలోన్‌లో పుట్టిన ఆంగ్లో ఇండియన్. విజయా సంస్థ తొలి చిత్రం ‘షావుకారు’ నుంచీ, ‘పాతాళభైరవి’ మీదుగా, ఆ సంస్థకు వెలుగు కూర్చిన మనిషి. తరవాత మలయాళంలో ‘చెమ్మీన్’ రంగుల సముద్రాన్ని చూపించిందీ ఆయనే. తెలుగువాళ్లకు మాత్రం ఆయన వెన్నెల మనిషి. ‘విజయావారి వెన్నెల’ అన్న మాట మన ఇళ్లల్లో పుట్టి స్థిరపడింది. ఒక ఛాయాగ్రాహకుడి పనితనం నానుడిగా మారడం నేను ఇంకెక్కడా ఎరగను.

ఈ ఉపన్యాసం ఎవరి పేర జరుగుతోందో ఆ మాస్టారు బాపట్లలో భౌతికశాస్త్రం చెప్పారు. ఆయన ముందు వరసలో ఉంటే “లెక్క చెప్పు” అనేవారు. చెబుతాను. నిండు పున్నమి వెలుగు ఎండలో సుమారు 4 లక్షల వంతు. చంద్రుడి నేల తన మీద పడ్డ వెలుగులో నూటికి 12 పాళ్లు మాత్రమే తిప్పి పంపుతుంది. అంటే మన చందమామ దగ్గరికెళ్లి చూస్తే తారురోడ్డంత నల్లన. ఆ కాస్త వెలుగులో ఆనాటి ఫిల్ము మీద కదిలే బొమ్మ పడదు. కాబట్టి వెండితెర మీద వెన్నెల కావాలంటే పెద్ద దీపాలతోనో ఎండతోనో తయారు చేసుకోవాల్సిందే. వెలుగును మనుషుల వెనకనుంచి రానిచ్చి, జుట్టు అంచునా భుజం అంచునా సన్నని వెండి గీత దిద్దాలి. నీళ్లు తళుక్కుమనాలి. ముఖాలు చీకట్లో మునగకూడదు. పగటి వెలుగులా తేలిపోకూడదు. ఈ రెంటి మధ్య ఉన్న చోటు వెంట్రుకవాసి. బార్ట్లే అక్కడ నిలబడ్డాడు.

పనితనం ఒక్కటే అయితే ఆ వెలుగు మా అమ్మ బండి దారిదాకా వచ్చేది కాదు. అది కాసిన లోకం అలాంటిది. వ్యాసభారతంలో శశిరేఖ లేదు, అభిమన్యుడి భార్య ఉత్తర. బలరాముడికి కూతురిని కల్పించి, ఆమెకు చంద్రరేఖ అనే అర్థం వచ్చే పేరు పెట్టి, మేనబావకిచ్చి పెళ్లి చేసింది మన కథకులు. ఇంకో సంగతి. ఆదిపర్వం ప్రకారం అభిమన్యుడు చంద్రుడి కొడుకు వర్చసుడి అంశ. కొడుకును వదిలి ఉండలేని చంద్రుడు పదహారేళ్లకే తిప్పి పంపాలన్న షరతు మీద భూమికి పంపాడు. ఇది తెలిశాక ఆ పాట చూడండి. పడవ మీద కాస్తున్నది తండ్రి వెలుగు. దర్శకుడు కె.వి.రెడ్డి, రచయిత పింగళి నాగేంద్రరావు దీన్ని ఉద్దేశించారని నేననను. నేను మాత్రం ఆ పాటను ఇక మరోలా చూడలేను. కురుక్షేత్రందాకా వెళ్లని సినిమాలో, తండ్రి కళ్లెదుట, అభిమన్యుడు ఒక్క రాత్రి సుఖంగా ఉన్నాడు. అదే వెన్నెల్లో రుక్మిణీకృష్ణులూ, రేవతీబలరాములూ విహరిస్తారు. అంత కోపిష్టి బలరాముడూ అక్కడ మెత్తబడతాడు.

ఈ మాట తెనాలిలో ఎందుకు చెబుతున్నానంటే, ఆ వెన్నెల పెట్టుబడిలో ఈ ఊరికీ భాగముంది. విజయా సంస్థలో నిర్మాత నాగిరెడ్డిగారి జోడీ చక్రపాణిగారు మన తెనాలి ఐతానగరం మనిషి. ఆ ఇద్దరే 1947 జూలైలో ‘చందమామ’ పత్రిక మొదలుపెట్టారు. తెనాలిలోనే పుట్టిన కొడవటిగంటి కుటుంబరావుగారు 1952 నుంచి 1980లో కన్నుమూసేదాకా దాన్ని నడిపారు. పిల్లలకు నెలనెలా అచ్చులో వచ్చే చందమామ, పెద్దలకు తెర మీద కాసే చందమామ, రెండూ ఒకే ముంగిట పుట్టాయి. అన్నం ముద్దతో జాబిల్లిని పిలిచే ఇళ్లనుంచి వచ్చినవాళ్లకు, వెన్నెల చూపించడానికి ఇంత ఖర్చెందుకు అన్న ప్రశ్న రాదు.

చందమామలాగే రేపల్లె పేరుకీ రెండు అర్థాలు. తెలుగు పద్యాల్లో, పాటల్లో రేపల్లె అంటే కృష్ణుడి గొల్లపల్లె. తెనాలినుంచి వెళ్లే రైలు ఆఖరి స్టేషను కూడా రేపల్లే. ఊహలోని ఊరికీ టిక్కెట్టు కొనే ఊరికీ ఒకే పేరున్న మనుషులం మనం. మా అమ్మ ఆ రెంటి మధ్య తేడా పాటించకపోవడంలో వింత లేదు. కార్తీక పున్నమికి సూర్యలంకలో సముద్రస్నానం చేసి వచ్చినప్పుడల్లా “వెన్నెల అచ్చం సినిమాలోలా కాసింది” అనేది. నకలు అసలుకు కొలబద్ద అయింది. దాన్ని నేను తప్పుగా చూడను. చూడటం నేర్పిన వెలుగు అది.

2010లో ఈ సినిమాకు రంగులద్దారు. ఎంతో శ్రమపడి చేశారు, కొత్తతరం హాలుకు వచ్చి చూసింది, ఆ మేలు కాదనను. కానీ నలుపు తెలుపుల్లో వెన్నెలకు రంగు లేదు, చూసేవాడే వేసుకునేవాడు. మా అమ్మ ఇంటిదాకా తెచ్చుకున్నది అలా తాను వేసుకున్న రంగునే.

ఒక్క కోరిక. 1957లో పదేళ్ల వయసులో ‘మాయాబజార్’ చూసినవాళ్లు ఇప్పుడు ఎనభైకి దగ్గరపడ్డారు. తెనాలిలో, బాపట్లలో, రేపల్లెలో, మీ ఇంట్లోనో పక్కింట్లోనో అలాంటివారు ఉండే ఉంటారు. ఏ ఊళ్లో చూశారో, ఎవరితో వెళ్లారో, పడవ పాట వచ్చినప్పుడు హాల్లో ఏం జరిగిందో, తిరిగి వచ్చేటప్పుడు దారి ఎలా ఉందో అడగండి. వాళ్లు చెప్పింది చెప్పినట్టు, తిథి సరిచూడకుండా, రాసిపెట్టండి.