పిండి త్రొక్కి నేర్చిన పాఠము
(దిబ్బూరహళ్ళిలో మన సంఘ సభ్యుల సమావేశమున చేసిన ప్రసంగము)



మేము పండితులము కాము. ఎస్.ఎస్.ఎల్.సి. వరకు చదివి, తండ్రిగారి వెంట శిడ్లఘట్ట గూళ్ళ మార్కెట్టునకు నడిచి, మిగిలిన చదువు తక్కెడ దగ్గర నేర్చిన వర్తకులము. జపాను ప్రయాణమును గురించి నాలుగు మాటలు చెప్పవలెనని కార్యదర్శిగారు కోరిరి. అచ్చటి మేడలను, వేగపు రైళ్ళను గురించి చెప్పుటకు మాకంటె చదివినవారు కలరు. మేము అక్కడ ఒక పూట పిండి పిసికితిమి. దానిని గురించియే మనవి చేసెదము.

జపాను మన సీమకు క్రొత్త చుట్టము కాదు. మన ముద్దేనహళ్ళిలో తెలుగింట పుట్టిన మోక్షగుండము విశ్వేశ్వరయ్యగారు 1898 లోనే ఆ దేశమును చూచివచ్చిరి. జంషెడ్జీ టాటాగారు బెంగుళూరిలో పట్టుపురుగుల క్షేత్రము పెట్టినప్పుడు జపాను నుండియే నిపుణులను రప్పించిరి. 1991 మొదలు కొన్నియేండ్లపాటు జపాను నిపుణులు మైసూరులోని కేంద్ర పట్టు పరిశోధన సంస్థవారితో కలసి పనిచేసిరి. నేడు మన రైతులు పెంచుచున్న తెల్లగూళ్ళ రకములలో కొన్ని ఆ కృషి ఫలములే. కావుననే వ్యాపారస్థులము ముగ్గురము కలసి, ఆ దేశపు పట్టుసీమయగు గుమ్మాకు పోయితిమి.

గుమ్మాలో తొమియోకా అను ఊర 1872 లో ప్రభుత్వమువారు నెలకొల్పిన నూలు తీయు కార్ఖానా కలదు. ఫ్రాన్సు దేశపువారి సాయముతో అది కట్టబడినది. దేశపు నలుమూలలనుండి ఆడపిల్లలు వచ్చి, అచ్చట దారము తీయుట చేతితో నేర్చి, తమ తమ సీమలకు మరలిపోయి ఇతరులకు నేర్పిరట. 1987 లో కార్ఖానా ఆగినది. 2014 లో ప్రపంచ వారసత్వ స్థలముగా గుర్తింపు పొందినది. గోడలు చక్కగా నున్నవి, యంత్రములపై గుడ్డ కప్పియున్నది, దారము మాత్రము లేదు. 1929 ప్రాంతమున ఆ దేశమున ఇరువదిరెండు లక్షల కుటుంబములు పట్టుపురుగులను పెంచెడివట. నేడు రెండు వందలకు లోపే. ఈ మాట విన్ననాడు మా ముగ్గురికిని అన్నము సహించలేదు. గూటిపై బ్రతుకు వారము కదా!

మరునాడు మాకు దారి చూపుచున్న పిల్లవాడు, "ఇచ్చట గోధుమ కూడ ప్రసిద్ధము, ఉడోను అను లావు శావిగలు చేయుట నేర్పెదరు, వచ్చెదరా?" అని అడిగెను. ఆడవారి పని మనకేల యని ఒక మిత్రుడు గొణిగెను. అయినను పోయితిమి.

నేర్పునామె డెబ్బదియేండ్లు దాటిన తల్లి. మా నడుములకు తానే వస్త్రము కట్టి పనిలోనికి దింపినది. పదార్థములు మూడే: గోధుమపిండి, నీరు, ఉప్పు. ఉప్పును ముందుగా నీటిలో కరగించవలెను. సానుకి యను సీమలో దీనికొక పాత లెక్క కలదు. ఎండకాలమున ఒక పాలు ఉప్పునకు మూడు పాళ్ళ నీరు, చలికాలమున ఆరు పాళ్ళ నీరు. వేడికి పిండి సడలును, ఉప్పు దానిని బిగించును; అందువలన కాలమును బట్టి ఉప్పు మారును. ఆ నీటిని కొంచెము కొంచెముగా చల్లుచు వ్రేళ్ళతో కలుపగా పిండి మొదట రవ్వ రవ్వగా అగును, పిదప ముద్దకు వచ్చును.

అప్పుడామె ముద్దను దళసరి ప్లాస్టిక్కు కాగితమున చుట్టి నేలపై పరచి, "ఇక త్రొక్కుడు" అనినది. మేము నిలిచిపోయితిమి. మనకు అన్నము పరబ్రహ్మ స్వరూపము. మెతుకు కాలికి తగిలిన కన్నుల కద్దుకొను వారము. పిండిని కాలితో త్రొక్కుట ఎట్లు? ఆమె మా సంకోచమును గ్రహించి నవ్వి, ఈ ముద్ద చేతి బలమునకు లొంగదనియు, ఒడలి బరువంతయు పడవలెననియు, తమ పెద్దలు కూడ ఇట్లే చేసిరనియు చెప్పినది. శుభ్రమైన మేజోళ్ళు ఇచ్చినది. మేము ముద్దను తాకి కన్నుల కద్దుకొని, కుమ్మరి మన్ను త్రొక్కినట్లు మడమలతో త్రొక్కితిమి. పరచుకొన్న దానిని మరల మడిచి మరల త్రొక్కవలెను. నాలుగు మారులకు మా మిత్రునికి చెమట పట్టినది. ఆడవారి పనియన్న మాట మరల ఆయన నోట రాలేదు.

ముద్ద ఎంత మెత్తగా నుండవలెనని అడిగితిమి. ఆమె తన చెవితమ్మెను పట్టి చూపినది. కొలగిన్నె చూపలేదు, గడియారము చూపలేదు. మా తల్లిగారి వంటయందు చిటికెడు, పిడికెడు, దోసెడు తప్ప వేరు కొలత లేదని అప్పుడు తలపునకు వచ్చినది.

ముద్దకు కొంత విశ్రాంతి కావలెను. ఆ లోపల మాటలు పడినవి. మేము పట్టు వ్యాపారులమని తెలియగానే ఆమె ముఖము వెలిగినది. తన బాల్యమున ఇంటి పై అంతస్తు నిండ పురుగులేనట. ఆకు మేయు చప్పుడు వాన కురిసినట్లుండెడిదట. నాలుగవ జ్వరము దాటిన పిదప పురుగునకు రేయింబవళ్ళు ఆకు వేయవలెను, ఇంటివారికి కూర్చుండి తినుటకు తీరిక యుండదు. అప్పుడు తన తల్లి ఉప్పు లేని పిండిని వెడల్పుగా కోసి, వేరుగ ఉడికింపక, కూరగాయల పులుసులోనే వేసి కుండ దింపెడిదట. దానిని ఒక్కిరికోమి యందురు. వినుచుండగా అది మన యిల్లే అనిపించినది. పురుగు పండు వేళ మన తల్లులు సంగటి ముద్దతో పూట గడపినది మనమెరుగనిదా?

పిదప పొడిపిండి చల్లి, పొడుగు కర్రతో ముద్దను వత్తి, మడతపెట్టి, పెద్దకత్తితో కోసితిమి. ఆమె కోసినవి దారములు, మేము కోసినవి మోకులు. సలసల కాగు నీటిలో ఉడికించి, చన్నీటిలో జిగురు పోవునట్లు కడిగి వడ్డించిరి. అచ్చటి చారులో ఎండుచేప వేయుట వాడుక. మాలో ఒకరు శాకాహారులు కాన, పుట్టగొడుగులతోను సముద్రపు నాచుతోను వేరు చారు కాచిరి. నూరిన నువ్వుల పులుసు కూడ పెట్టిరి. అది ముగ్గురికిని ఇంటి రుచివలె నుండెను.

తినుచుండగా ఆమె అడిగినది: "మీ యింట ఇట్టివి చేయుదురా? మీ భాషలో వానిపేరేమి?" "శావిగలు" అంటిమి. "ఎవరు చేయుదురు?" "మా తల్లి చేసెడిది." "ఆమె యొద్ద మీరు నేర్చితిరా?" మేము మారు పలుకలేదు. సముద్రము దాటిపోయి ఒకరి తల్లి విద్యను నేర్చినవారము, కన్నతల్లి విద్యను ఏనాడును నేర్వమైతిమి.

ఇంటికి వచ్చి అటకపైనుండి శావిగ ఒరలును దింపితిమి. మా పిల్లలు "ఇదేమి మెషీను?" అనిరి. దాని పేరు వారికి తెలియదు. మా తల్లిగారికి ఇప్పుడు చేతులు వణకును, కాని కూర్చున్నచోటనుండియే చెప్పినది. బియ్యపుపిండిని ఉడికించి ముద్ద చేసితిమి. ఫోను వచ్చినదని మేము ఒక ఘడియ లేచిపోయితిమి. తిరిగివచ్చి ఒత్తగా ఒరలు కదలలేదు. తల్లిగారు కసరి, "చల్లారిన ముద్ద దిగదురా, వేడిమీదనే ఒత్తవలె!" అనినది. రెండవమారు పిల్లలే వేడిమీద ఒత్తిరి. కొబ్బరిపాలు, బెల్లముతో ఇంటిల్లిపాది తింటిమి.

సోదరులారా, ఈ మాట శావిగలకే కాదు. మన పిల్లలు బడిలో కన్నడము చదువుచున్నారు, చదువవలెను. అది మనకు కూడు పెట్టిన భాష, మన ఇరుగుపొరుగు భాష. మాతృభాషలో ప్రాథమిక విద్యకు వసతులు కల్పింపవలెనని రాజ్యాంగమున 350-ఏ అధికరణము 1956 లో చేర్చబడినది. దానికై అర్జీలు వ్రాయుచునే యుందము. కాని అర్జీ బడిని తేగలదే గాని, ఇంటి మాటను తేలేదు. కైవార తాతయ్య తెలుగున పాడినది ఈ నేలమీదనే, ఏ బడియు చెప్పకయే అది మనవరకు వచ్చినది. పని పోయినచో పనితోడి మాటలును పోవును. ఒరలు అటకెక్కిననాడే దాని పేరును అటకెక్కినది.

కావున మా మనవి ఒక్కటే. సెలవులలో మూడు ఆదివారములు మన సంఘ గృహమున పెద్దమ్మలు, అవ్వలు కూర్చుండి పిల్లలచేత శావిగలు ఒత్తింపవలెను. చెప్పునదంతయు తెలుగున చెప్పవలెను. మగపిల్లలును రావలెను. పిండి, బెల్లము, టెంకాయల ఖర్చు మేము భరింతుము. ఒరలు గల యిండ్లవారు దింపి తుడిచి తెండు. తల్లులు మనయెదుట ఉన్నారు, ముద్ద ఇంకను వేడిగానే యున్నది.