మచ్చపడిన అరటికీ తూకం వేయాలి

(హార్స్లీ హిల్స్ దిగువన జరిగిన మన సంఘం మహిళా సభ్యుల శిక్షణ శిబిరంలో చేసిన ప్రసంగ పాఠం)



అరటి బ్రెడ్డు గురించి మాట్లాడతానంటే మన కమిటీలోనే ఒకరిద్దరు నవ్వినారు. మదనపల్లె అంటే టమోటా, అరటితో మనకేం పని అని. 2023 జూలై ఆఖరులో మన మార్కెట్‌లో టమోటా కిలో 200కు దగ్గరగా పోయింది. అదే టమోటాను ధర పడిన రోజుల్లో రోడ్డు పక్కన పారబోసిందీ మనమే. నిలవ ఉండని పంట పండించే వాళ్లందరిదీ ఒకటే కథ. 2025 చివర్లో అనంతపురం, కడప తోటల్లో అరటి ధర కుప్పకూలింది. రైల్వేకోడూరు దగ్గర బంధువులున్న వాళ్లకు అరటి రైతు బాధ నేను చెప్పనక్కర లేదు.

2020 జనవరిలో తాడిపత్రి నుంచి ముంబై రేవుకు 43 శీతల కంటైనర్లతో అరటి రైలు పోయింది. మంచిదే. నేను మాట్లాడేది ఆ రైలెక్కని కాయ గురించి. ఎగుమతికి కాయ పొడవు సరిపోవాల, లావు సరిపోవాల, తోలు మీద మచ్చ ఉండకూడదు. జంట కాయ పనికిరాదు, గెల చివరి హస్తాల్లోని చిన్న కాయలు పనికిరావు. లోపల గుజ్జుకు ఏ లోపమూ లేదు. అయినా దాన్ని పక్కకు వేస్తారు, తూకం కూడా వేయరు. ‘ఎంతో కొంత ఇస్తాంలే’ అంటారు.

తోలు నల్లబడే కొద్దీ పండులోని పిండి పదార్థం చక్కెరగా మారుతుంది. బజారులో ధర తగ్గే పండే బ్రెడ్డుకు ఎక్కువ పనికొస్తుంది. అమెరికాలో 1930ల్లో, చేతిలో డబ్బాడని కరువు రోజుల్లో, మాగిపోయిన పండు పారేయలేక ఇండ్లలో ఆడవాళ్లు ఈ బ్రెడ్డు విరివిగా చేసినారు. అప్పటికి వంటసోడా, బేకింగ్ పౌడరు అంగళ్లలో దొరుకుతున్నాయి కాబట్టి ఈస్టు వేసి పులియబెట్టే పని తప్పింది. పేరుకు బ్రెడ్డు గానీ, తినేవాడికి అది కేకే.

ఇక వంటకొద్దాం. 20 బ్రెడ్ల లెక్క చెబుతా, రాసుకోండి. అరటి గుజ్జు ఆరున్నర కిలోలు, పిండి 5 కిలోలు, బెల్లం పొడి 3 కిలోలు, శనగనూనె 2 లీటర్లు, గుడ్లు 40, వంటసోడా 100 గ్రాములు, ఉప్పు 50 గ్రాములు. పిండిలో నాలుగో వంతు రాగిపిండి వేయండి. సంకటి తిని పెరిగినోళ్లం, ఆ రుచి మనకు తెలుసు. అంతకు మించితే బ్రెడ్డు కోసేటప్పుడు పొడిపొడిగా రాలిపోతుంది, రాగిలో గోధుమకున్న జిగురు లేదు. గుడ్డు వద్దంటే పులిసిన పెరుగు 2 కిలోలు. తిరుమల పోయే యాత్రికులకు అమ్మాలనుకుంటే పెరుగుదే చేయండి, ఎందుకంటే గుడ్డు వేసిన సరుకు మీద చట్టం ప్రకారం మాంసాహార గుర్తు వేయాల.

ఇంట్లో ఒకటి చేసుకోవడం వేరు, 20 చేయడం వేరు. ఎక్కువ మందికి బెడిసేది సోడా దగ్గరే. తడి తగలగానే సోడా పని మొదలుపెడుతుంది. ఓవెన్‌లో పది అచ్చులే పడతాయనుకోండి, 20కి పిండి ఒకేసారి కలిపితే రెండో వాయి పొంగదు, పీటలాగా దిగిపోతుంది. అందుకే పిండి, సోడా, ఉప్పు కలిపిన పొడి ఒక గిన్నెలో, గుజ్జు, బెల్లం, నూనె, గుడ్లు ఇంకో గిన్నెలో పెట్టుకోండి. ఏ వాయికి ఆ వాయి తూచి, పొడి కనబడకుండా పోయేంత వరకే కలపండి. బాగా చిలికితే రబ్బరు అవుతుంది. అచ్చులో మూడింట రెండు వంతులే పోయాల. 170 డిగ్రీల వేడిలో సుమారు గంట. పుల్ల గుచ్చితే తడి అంటకూడదు.

కొండ మీద చేసేవాళ్లకు ఇంకో మాట. మన ఏనుగుమల్లమ్మ కొండ 1,265 మీటర్ల ఎత్తు. అక్కడ నీళ్లు సుమారు 96 డిగ్రీలకే మరుగుతాయి, గాలి ఒత్తిడి తక్కువ. కింద వేసినంత సోడా వేస్తే బ్రెడ్డు గబగబా పొంగి నడుమ కూలుతుంది. 100 గ్రాముల చోట 80 చాలు, నాలుగు చెంచాల పెరుగు అదనంగా వేసుకోండి.

పండు ఎంపికలో మొగమాటం వద్దు. చుక్కలు పడిన పండు తీసుకోండి, సారా వాసన వచ్చింది వద్దు. కార్బైడుతో మాగేయడం నిషేధం. ఆ కాయ పైన పసుపు తిరుగుతుంది, లోపల తీపి రాదు. బ్రెడ్డు పూర్తిగా చల్లారకుండా కవరులో పెడితే చెమట పట్టి బూజు వస్తుంది. మూడు రోజులకు మించి అమ్మొద్దు, ఎండాకాలంలో రెండే. కవరు మీద చేసిన తేదీ, వాడాల్సిన గడువు, దినుసులు, బరువు, ఆహార భద్రతా సంస్థ రిజిస్ట్రేషన్ నంబరు ఉండాల. బెంగళూరు నుంచి కారులో వచ్చేవాళ్లు అవి చూసే కొంటారు.

ఇప్పుడు అసలు లెక్క. తోలు తీసేస్తే పండులో 60 శాతం దాకా గుజ్జు. ఆరున్నర కిలోల గుజ్జుకు 11 కిలోల పండు కావాల. ఆ పండును రైతు దగ్గర కిలో 2 రూపాయలకు కొంటే ఒక్కో బ్రెడ్డులో అరటి ఖర్చు రూపాయి పది పైసలు. కిలో 10 రూపాయలిచ్చి కొంటే ఐదున్నర రూపాయలు. తేడా 4 రూపాయల 40 పైసలు. ముప్పావు కిలో పైన తూగే బ్రెడ్డు మీద ఈ నాలుగు రూపాయలు కొనేవాడికి తెలియను కూడా తెలియవు. రైతుకు మాత్రం అది ఐదింతల ధర. విలువ జోడింపు, విలువ జోడింపు అని అధికారులు మైకులో చెబుతుంటారు. జోడించిన విలువలో తోట రైతుకు ఎంత అని ఎవరైనా అడగ్గా మీరు విన్నారా?

ఇంకొకటి, కూలి. తోలు తీసేది, గుజ్జు మెదిపేది, అచ్చులు కడిగేది మీరే. ‘మా ఇంటి పనే కదా’ అని దాన్ని లెక్కలో రాయకపోతే లాభం కాగితం మీద బాగానే కనబడుతుంది. ఎన్ని గంటలు పని చేస్తే అన్ని గంటలూ పుస్తకంలో రాయండి, మన మండలంలో నడిచే రోజుకూలి కట్టండి. ఆ తర్వాత మిగిలితేనే లాభం.

2020లో మొదలైన కేంద్ర సూక్ష్మ ఆహార శుద్ధి పథకంలో 35 శాతం సబ్సిడీ, గరిష్ఠంగా 10 లక్షలు అన్నారు. పొదుపు సంఘం సభ్యురాలికి 40 వేల దాకా ప్రారంభ పెట్టుబడి అన్నారు. వస్తే తీసుకుందాం. అయితే అది యంత్రానికి, పెట్టుబడికి ఇచ్చే డబ్బు, కాయకు ధర కాదు. బ్యాంకు అప్పుతో ముడిపడింది కాబట్టి తొందరపడి ఓవెన్ కొనొద్దు. ఊళ్లో బేకరీ ఓవెన్ మధ్యాహ్నం ఖాళీగా ఉంటే అద్దెకు అడగండి. నాలుగు నెలలు అమ్మి చూసినాక అప్పు సంగతి.

బ్రెడ్డుతో తోటంతా అమ్ముడుపోతుందని నేను చెప్పడం లేదు. ఒక పెద్ద తోటలో కోతరోజు పక్కకు పడే కాయే టన్నుల్లో ఉంటుంది, మనం వాడగలిగింది కిలోల్లో. మద్దతు ధర కోసం, శీతల గిడ్డంగుల కోసం మన కొట్లాట మనం చేయాల్సిందే. ‘బ్రెడ్లు చేసుకోండి’ అని ఆ మాట దాటేసే అధికారి వస్తే గట్టిగా అడ్డం తగలండి.

ఈ సమావేశం ముందు నేను పెట్టే తీర్మానం ఇది. మన సభ్యులు నడిపే ఏ వంటశాల అయినా రెండో రకం అరటిని తోటలోనే, రైతు ముందరే తూకం వేసి, కిలో 10 రూపాయలకు తగ్గకుండా కొనాల. రశీదు ఇయ్యాల. టమోటా ఎండబెట్టే గ్రూపులకూ ఇదే పద్ధతి, ధర మాత్రం వాళ్లతో కూర్చుని నిర్ణయిద్దాం. అనుకూలమైన వాళ్లు చేతులెత్తండి. కాదనే వాళ్లు లేచి కారణం చెప్పండి, భోజనానికి ఇంకా అరగంట టైముంది.