నిన్నటి రేటుకు పోవచ్చా? టైమ్ ట్రావెల్, ఎనుమాముల మిర్చి

వెనకాల గోల వినిపిస్తోంది కదా? ఎనుమాముల మార్కెట్ యార్డు అది. మిర్చి సీజన్. మాస్క్ పెట్టుకున్నా తుమ్ములు ఆగట్లేదు. మధ్యలో తుమ్మితే ఎడిట్ చెయ్యను, అడ్జస్ట్ అవ్వండి.

టాపిక్ టైమ్ ట్రావెల్. దానికి మిర్చి యార్డు ఎందుకంటే, ఈ ప్రశ్న అడిగింది మా నాన్న. 2025లో 'ఆదిత్య 369' 4కెలో మళ్లీ థియేటర్లకు వచ్చింది కదా, ఇద్దరం చూశాం. సింగీతం శ్రీనివాసరావు గారు 1991లో తీసిన సినిమా. బాలకృష్ణ టైమ్ మిషన్ ఎక్కి శ్రీకృష్ణదేవరాయల కాలానికి పోతాడు, తర్వాత 2504కి పోతాడు. బయటికొచ్చాక నాన్న ఒకటే అడిగాడు: "గా మిషిన్ల కూసుంటే నిన్నటి రేటుకు పోవచ్చారా?"

నేను నవ్వాను. ఆయన నవ్వలేదు. అంతకు ముందే మా 22 బస్తాలు ఇక్కడే అమ్మాం. ముందు రోజే అమ్మాల్సింది. "ఒక్క రోజు ఆగు నాన్నా, నేనూ వస్తా, జెండా పాట వీడియో తీసుకుంటా" అని ఫోన్ చేసింది నేనే. తెల్లారేసరికి క్వింటాలుకు 700 తగ్గింది. 6 వేల చిల్లర పోయింది. వీడియో మాత్రం బాగా వచ్చింది.

సరే, సైన్స్‌లోకి వద్దాం. టైమ్ వంగుతుందా? వంగుతుంది. ఇది సినిమా కాదు, మీ జేబులో ఉన్న ఫోన్ కథ. జీపీఎస్ శాటిలైట్లు సుమారు 20,200 కిలోమీటర్ల ఎత్తులో తిరుగుతుంటాయి. వేగంగా పోతున్నాయి కాబట్టి వాటి గడియారాలు రోజుకు 7 మైక్రోసెకన్లు వెనకబడతాయి. అంత ఎత్తులో భూమి గురుత్వాకర్షణ తక్కువ కాబట్టి 45 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. రెండూ కలిపితే రోజుకు 38 ముందుకు. అంతేనా అంటారేమో! వెలుతురు ఆ టైమ్‌లో 11 కిలోమీటర్లకు పైనే పోతుంది. ఐన్‌స్టీన్ లెక్కతో ఈ తేడా సరిచెయ్యకపోతే, మన మ్యాప్ దూరాల లెక్కంతా గల్లంతే.

అంటే ముందుకు పోవడం ఓకే. బాగా వేగంగా తిరిగొస్తే మీకు కొద్ది టైమ్, ఊళ్లో వాళ్లకు ఎక్కువ టైమ్. మన బమ్మెర పోతన భాగవతం నవమ స్కంధంలో రైవతుడి కథ ఉంటుంది. కూతురు రేవతికి సంబంధం అడగడానికి బ్రహ్మలోకం పోతాడు. అక్కడ పాట నడుస్తుంటే కాసేపు ఆగుతాడు. అంతలో భూమ్మీద 27 చతుర్యుగాలు అయిపోతాయి. ఆయన మనసులో అనుకున్న పెళ్లికొడుకులే కాదు, వాళ్ల మునిమనవళ్ల పేర్లు కూడా మిగల్లేదు. "చూశారా, మనవాళ్లకు రిలేటివిటీ ముందే తెలుసు" అని నేను అనను, అది కథ. కానీ భలే కథ. రైవతుడికి కూడా వెనక్కి దారి లేదు, గమనించండి.

వెనక్కి పోవడం దగ్గరే చిక్కు. ఐన్‌స్టీన్ సమీకరణాల్లోనే టైమ్ గుండ్రంగా తిరిగొచ్చే విశ్వం ఒకటి సాధ్యమని 1949లో కర్ట్ గోడెల్ లెక్క కట్టి చూపించాడు. అయితే మొత్తం విశ్వమే గిర్రున తిరగాలి, మనది అలా తిరుగుతున్నట్టు లేదు. 2009లో స్టీఫెన్ హాకింగ్ టైమ్ ట్రావెలర్లకు పార్టీ ఇచ్చి, అయిపోయాక ఇన్విటేషన్లు పంపాడు. ఒక్కడూ రాలేదు.

నాన్నకు ఇవన్నీ చెప్పలేదు. వేరే లెక్క చెప్పా. "నువ్వు నిన్నటికి పోయినవ్ అనుకో. రేటు తగ్గినోళ్లందరూ అదే మిషన్ ఎక్కుతరు కదా? ఇయ్యాల్టి బస్తాలన్నీ నిన్నటి యార్డుల దిగుతయి. సరుకు డబుల్ అయితే నిన్నటి రేటు ఉంటదా?" టైమ్ ట్రావెల్ మీద ఫిజిక్స్ కంటే గట్టి అభ్యంతరం ఇదే అని నా ఫీలింగ్.

అసలు రైతు దగ్గర ఉన్న టైమ్ మిషన్ కోల్డ్ స్టోరేజీ. చలిలో రసాయన చర్యలు నెమ్మదిస్తాయి, మిర్చి రంగు తొందరగా పోదు. బయట నెలలు గడిచినా లోపల కాయకు కొన్ని రోజులే గడిచినట్టు. రేటు వచ్చాక తియ్యొచ్చు. కానీ అప్పును లోపల పెట్టలేం కదా. దాని మీద మిత్తి మామూలు స్పీడ్‌లోనే నడుస్తుంది, స్టోరేజీ కిరాయి అదనం. అందుకే నాన్న ఆ రోజు తగ్గిన రేటుకే కాంటా పెట్టించాడు.

ఇంతకీ నా లెక్క మొత్తం విని ఆయన ఏమన్నాడంటే, "అందరెందుకు పోతరురా? మనమే పోదాం. నువ్వు గా ఫోన్ చెయ్యకుంటే సాలు."

నవ్వుతూనే అన్నాడు. సరే ఫ్రెండ్స్, దడ్వాయి పిలుస్తున్నాడు, మా బస్తాల దగ్గరికి పోవాలి. ఈసారి ఒక రోజు ముందే వచ్చాం.