మెక్యూసిక్ వైద్యుఁడును మన మేనరికములును



అమెరికాలోని జాన్స్ హాప్‌కిన్స్ వైద్యశాలయందు హృద్రోగనిపుణుఁడైన విక్టర్ మెక్యూసిక్ 1957లో వంశపారంపర్యరోగములకై ప్రత్యేకశాఖ నేర్పఱచెను. 1966లో వాని పట్టికను గ్రంథముగాఁ బ్రకటించెను. 1973 మొదలు 1985 వఱకు నా వైద్యశాలకుఁ బ్రధానవైద్యుఁడై యుండియు నా గ్రంథమును బెంచుచునే వచ్చెను. 2008లో దివంగతుఁడయ్యెను.

తమలోఁ దామే పెండ్లియాడు ఆమిష్ జనులలో నాఱువ్రేళ్లతోఁ బొట్టిగాఁ బుట్టు శిశువుల నాయన పరిశీలించెను. తల్లిదండ్రు లారోగ్యవంతులే, కాని యిరువురును నొకే దోషబీజమును మోయుచుండిన, ప్రతి గర్భమునకును నాల్గింట నొకపాలు భయము కలదు.

మనమును దరతరములుగా మేనరికములు చేయువారము. మేనరికపు దంపతుల బధిరబాలుఁ డొకఁడు నా బడికి రాఁగా, తల్లి పాపమే కారణమని యూరు నిందించెను. నేనును మౌనముగా నుంటిని. అది పాపము గాదు, ఇరువైపులనుండి వచ్చిన బీజమై యుండవచ్చునని యిప్పు డెఱుఁగుదును. ఆ తల్లికిఁ జెప్పవలసిన మాట మీకుఁ జెప్పుచున్నాఁడను.

పెండ్లి నిశ్చయించునపుడు జాతకములతోఁబాటు వంశరోగములనుగూడ విచారింపుఁడు, వైద్యుని సలహా గొనుఁడు, తల్లిని నిందింపకుఁడు. స్వస్తి.