చోయ్ ఉన్-హీ చేతిసంచి



సినిమాలో నాయిక కష్టాలు చూసి కళ్ళు తుడుచుకుంటాం. మళ్ళీ మనమే, "ఆవిడకేం, షూటింగ్ కాగానే కారెక్కి ఇంటికి పోతుంది" అనుకుంటాం. అలా ఇంటికి పోలేకపోయిన ఒక నటి కథ ఇవాళ చెబుతాను. ఆవిడ దక్షిణ కొరియా తార చోయ్ ఉన్-హీ.

1926లో పుట్టింది. మొదట నాటకాలు వేసి, 1947లో సినిమాల్లోకి వచ్చింది. దర్శకుడు షిన్ సాంగ్-ఓక్‌ని పెళ్ళాడింది. 1961లో ఆయన తీసిన ఒక చిత్రంలో ఆమె చిన్న వయసులోనే భర్త పోయిన ఇల్లాలు. అత్తగారు, చిన్న కూతురు ఉంటారు. భర్త స్నేహితుడొకడు వాళ్ళింట అద్దెకు దిగుతాడు. ఇద్దరికీ మనసు కలుస్తుంది గాని నోరు విప్పరు. మూలకథలో, ఆయనకు ఇష్టమని రోజూ గుడ్లు కొంటుంది. ఆయన వెళ్ళిపోయాక, మా ఇంట ఇక గుడ్లు తినేవాళ్ళు లేరని అమ్మేమనిషితో చెబుతుంది. ఆ మాటలో దుఃఖమెంతో వంటిల్లు నడిపే మనకి వేరే చెప్పాలా?

1965లో తనే దర్శకత్వం కూడా చేసింది. భర్తతో పొత్తు కుదరక 1976లో విడిపోయింది. పెంచుకున్న పిల్లలు ఇద్దరు. 1978 జనవరిలో పని మీద హాంకాంగ్ వెళితే, ఉత్తర కొరియా మనుషులు ఓడలో ఎత్తుకుపోయారు. అప్పటికామెకు 51 ఏళ్ళు. రేవులో ఎదురొచ్చి స్వాగతం చెప్పినవాడు ఆ దేశాధినేత కుమారుడు కిమ్ జోంగ్-ఇల్. ఆయనకి సినిమాలంటే మహా పిచ్చి. ఆ జూలైలో షిన్‌ని కూడా పట్టుకుపోయారు. ఆయన పారిపోబోయి జైలుపాలయ్యాడు. ఒకే దేశంలో ఉన్నా అయిదేళ్ళు ఒకరి సంగతి మరొకరికి తెలియదు! 1983లో ఒక విందులో ఇద్దరినీ కలిపారు.

ఆ తర్వాత అక్కడే సినిమాలు తీశారు. 'ఉప్పు' చిత్రంలో తల్లి పాత్రకు 1985లో మాస్కో చిత్రోత్సవంలో ఆమెకు ఉత్తమ నటి బహుమతి వచ్చింది. నాకు మాత్రం అంతకంటే గొప్పగా తోచింది ఆవిడ చేతిసంచి. ఎప్పుడైనా బయటపడితే, మీరు ఇష్టపడే వెళ్ళారని లోకం అంటుందేమోనని వాళ్ళ భయం. అందుకని సంచిలో చిన్న టేపు రికార్డరు దాచి, కిమ్ మాటలే రికార్డు చేశారు. పట్టుబడితే ప్రాణం దక్కేదా? ముఖాన నవ్వు చెదరకుండా ఎదురుగా కూర్చుంది. ఏ బహుమతీ రాని నటన అది.

1986 మార్చిలో వియన్నా వెళ్ళినప్పుడు కావలివాళ్ళ కన్నుగప్పి, ఇద్దరూ అమెరికా రాయబార కార్యాలయంలోకి పరుగెత్తారు. కొన్నేళ్ళు అమెరికాలో ఉండి, 1999లో స్వదేశం చేరారు. ఆవిడ 2018లో తన 91 ఏళ్ళ వయసులో కన్నుమూసింది.

మన చేతిసంచుల్లో తాళాలు, చిల్లర, మందుచీటీ ఉంటాయి. ఆవిడ తన సంచిలో తన మాట నిజమని చూపే సాక్ష్యం మోసుకు తిరిగింది. ఆడదాని మాట ఊరికే నమ్మరని ఆవిడకీ తెలిసినట్టుంది, ఏమంటారు?