చిన్న బిడ్డలకు ఏ బొమ్మలు చూపిద్దాం?

(మండల సమాఖ్య వార్షిక సర్వసభ్య సమావేశంలో సమాఖ్య తరపున చేసిన ప్రసంగ పాఠం)



పొదుపు లెక్కలు, బ్యాంకు లింకేజీ, స్త్రీనిధి వసూళ్లు ఇందాకే విన్నాం. ఇప్పుడు మాట్లాడేది అప్పు గురించి కాదు, వాయిదా గురించీ కాదు. మన ఒళ్లో కూర్చుని సెల్లులో బొమ్మలు చూస్తున్న బిడ్డ గురించి. ఈ హాలులోనే వెనక వరసల్లో అట్లాంటి పిల్లోళ్లు కొందరున్నారు. ఎవరూ వెనక్కి తిరిగి చూడొద్దు, ఆ తల్లులు సిగ్గుపడాల్సిన పనేమీ లేదు.

బిడ్డకు సెల్లు ఇవ్వొద్దు అని చెప్పడం సులభం. తెల్లారకముందే లేచి పాలు పిండి, డెయిరీలో పోసి, టమోటా కోతకు పోయే ఆడమనిషికి ఆ మాట చెప్పేవాళ్లు ఆమె ఇంట్లో ఒక పూట ఉండి చూడాలి. అవ్వ ఉన్న ఇల్లు వేరు, అవ్వ కూడా కూలికి పోయే ఇల్లు వేరు. అందుకే మేము అక్కడ మొదలుపెట్టడం లేదు. ఇచ్చేటప్పుడు అందులో ఏం రావాలో మనమే ఎంచుదాం, అంతే అడుగుతున్నాం. ఇప్పుడు ఎంచుతున్నది మనం కాదు. ఒక బొమ్మ అయిపోగానే ఇంకొకటి దానంతటదే వస్తుంది. అది బిడ్డ మంచిచెడ్డ చూసి రాదు, బిడ్డ కళ్లు తెర మీద ఇంకా ఎంతసేపు నిలుస్తాయో చూసుకుని వస్తుంది.

ముందు వయసు సంగతి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో చెప్పింది ఇది: రెండేళ్లు నిండని బిడ్డకు తెర వద్దు. రెండు నుంచి నాలుగేళ్ల బిడ్డకు రోజుకు గంట మించొద్దు, తగ్గితే ఇంకా మంచిది. మన దేశంలో పిల్లల డాక్టర్ల సంఘం కూడా ఇంచుమించు ఇదే చెప్తుంది. రెండేళ్లలోపు బిడ్డకు ఒక్క వీడియో కాల్ మాత్రం ఫర్వాలేదంటుంది. మన పక్క ఎన్ని ఇళ్లల్లో అమ్మో నాయనో కువైట్‌లో ఉన్నారో మీకు చెప్పక్కర్లేదు. ఆ కాల్ మానుకోమని ఎవరూ అనడం లేదు. అక్కడ బిడ్డ నవ్వితే అవతల అమ్మ నవ్వుతుంది, బిడ్డ పలికితే బదులు పలుకుతుంది. తెరలో బొమ్మ ఆ పని చేయలేదు.

ఇక్కడ మన తల్లులు ఎక్కువగా అడిగే ప్రశ్న ఒకటుంది. ఏడాది బిడ్డకు ఇంగ్లీషు రైమ్స్ పెడితే ఇంగ్లీషు ముందే వస్తుంది కదా అని. అమెరికాలో బేబీ ఐన్‌స్టీన్ పేరుతో పసిబిడ్డల వీడియోలు అమ్మినారు. బిడ్డలకు తెలివి పెరుగుతుందనే ఆశతో కొన్న తల్లిదండ్రులు లెక్కలేనంత మంది. దానిమీద విమర్శలు పెరిగి పెరిగి, 2009లో దాని యజమాని డిస్నీ సంస్థ, వాటిని కొన్నవాళ్లు వెనక్కి ఇస్తే డబ్బు తిరిగి ఇస్తామని ప్రకటించాల్సి వచ్చింది. ఆ వయసు బిడ్డకు మాట మనిషి నోటి నుంచే వస్తుంది. పిండి రుబ్బుతూ, ఆవును కట్టేస్తూ మనం చెప్పే మాటలే దానికి బడి. తెలుగు బాగా పలికిన బిడ్డకు ఇంగ్లీషు తర్వాత ఎక్కడికీ పోదు.

రెండేళ్లు దాటిన బిడ్డకు గంటలోపు చూపిద్దాం అనుకుంటే, అసలు పని అప్పుడు మొదలవుతుంది. అన్ని బొమ్మలూ ఒకటి కావు. అమెరికాలో వర్జీనియా విశ్వవిద్యాలయం వాళ్లు 60 మంది నాలుగేళ్ల పిల్లలను మూడు జట్లుగా చేసినారు. ఒక జట్టు చాలా వేగంగా పోయే కార్టూన్ చూసింది, ఒకటి నిదానంగా సాగేది చూసింది, ఇంకొకటి కూర్చుని బొమ్మలు గీసుకుంది. తొమ్మిది నిమిషాలే. వేగం కార్టూన్‌లో సగటున 11 సెకండ్లకు ఒకసారి చోటు మారిపోతుంది, నిదానం దాంట్లో 34 సెకండ్లకు. ఆ వెంటనే పిల్లలకు చిన్న చిన్న పనులు ఇచ్చినారు. తినేది ముందు పెట్టి కాసేపు ఆగమన్నారు. వేగం కార్టూన్ చూసిన పిల్లలు ఆగలేకపోయారు, చెప్పిన పని కుదురుగా చేయలేకపోయారు. 2011లో వచ్చిన ఈ పరిశోధన చూసిన వెంటనే ఏమైందో చెప్పింది, జీవితాంతం ఏమవుతుందో కాదు. కానీ సెల్లు లాక్కున్న మరుక్షణం బిడ్డ నేలమీద పడి దొర్లడం మనం చూస్తూనే ఉన్నాం కదా. దాన్ని మొండితనం అని వీపు మీద ఒకటి వేసేముందు, అంతకుముందు ఏం చూసిందో కూడా చూడాలి.

దీనికి చదువు అక్కర్లేదు. బొమ్మ పెట్టి మనసులో ఒకటి, రెండు, మూడు అని లెక్కపెట్టండి. నాలుగు అనేలోపు ప్రతిసారీ చిత్రం ఎగిరిపోతుంటే అది పసిబిడ్డది కాదు. తర్వాత కళ్లు మూసుకుని వినండి. అరుపులు, దబదబలు, ఆగని సంగీతం ఉంటే పక్కన పెట్టండి. మాటకూ మాటకూ మధ్య ఖాళీ ఉంటే మంచిది, ఆ ఖాళీలోనే బిడ్డ ‘అదో కుక్క’ అంటుంది. మెరుపులు మెరిపించేవి అసలే వద్దు. 1997 డిసెంబరులో జపాన్‌లో పోకెమాన్ ఒక భాగంలో ఎరుపు నీలం వెలుగులు టకటకా కొట్టుకుంటే ఆరు వందల మందికి పైగా పిల్లలను ఆసుపత్రులకు తీసుకుపోవాల్సి వచ్చింది.

పేర్లు చెప్పమన్నారు కాబట్టి కొన్ని చెప్తాం. మన పిల్లలందరికీ తెలిసిన చోటా భీమ్ హైదరాబాదులో గ్రీన్ గోల్డ్ అనే సంస్థలో పుట్టినాడు, 2008 నుంచి టీవీలో వస్తున్నాడు. లడ్డు తిని గుద్దులు గుద్దే ఆ కథలు బడికిపోయే పిల్లలవి, రెండేళ్ల బిడ్డవి కావు. అదే సంస్థ 2019లో పసిబిడ్డ భీముడితో మైటీ లిటిల్ భీమ్ చేసింది. దాంట్లో మాటలు దాదాపు ఉండవు. మాటల్లేవు కాబట్టి నిదానం అనుకోవద్దు, పరుగులూ అల్లరీ బాగానే ఉంటాయి, మూడేళ్లు దాటినాక చూడనివ్వండి. మాటల్లేకుండా మెత్తగా సాగేది కావాలంటే టిమ్మీ టైమ్ ఉంది, ఒక గొర్రెపిల్ల బడికి పోయే కథ. మన బిడ్డలకు గొర్రెపిల్లను పరిచయం చేయాల్సిన పని లేదు. చెక్ దేశంలో జెనెక్ మిలర్ అనే ఆయన 1957లో మొదలుపెట్టిన చిట్టి మోల్ కథలు కూడా అంతే, ఏ భాష బిడ్డకైనా అర్థమవుతాయి. ఐదు నిమిషాల్లో అయిపోయే పెప్పా పిగ్ కూడా ఫర్వాలేదు. తెలుగు పసిపాటలకు బొమ్మలు కట్టినవి చాలా ఉన్నాయి. వాటిలో ఒక్కో పాట విడిగా ఉన్నది తీసుకోండి, గంటసేపు కలిపి కుట్టినది వద్దు. పేరు చూసి మోసపోవద్దు కూడా. పిల్లలకు తెలిసిన బొమ్మల మొహాలు పెట్టి లోపల భయపెట్టేవి చూపించే వీడియోలు 2017లో బయటపడి, యూట్యూబ్ పెద్ద సంఖ్యలో తీసేయాల్సి వచ్చింది. ముందు మనం చూసి, తర్వాత బిడ్డకు చూపించాలి.

చేయాల్సింది చిన్న పనే. ఎంచిన రెండు బొమ్మలు రాత్రి పూటే డౌన్‌లోడ్ చేసి పెట్టుకోండి. బిడ్డ చేతికి ఇచ్చేముందు విమానం గుర్తు నొక్కండి. నెట్ ఉండదు కాబట్టి మూడోది దానంతటది రాదు. ‘రెండు బొమ్మలు, తర్వాత బువ్వ’ అని ముందే చెప్పండి. మొదటి మూడు నాలుగు రోజులు ఏడుపు ఉంటుంది. బువ్వ తినేటప్పుడు, పడుకునేముందు మాత్రం సెల్లు దూరంగా పెట్టండి.

మన సంఘాల్లో యానిమేటర్ అంటే పుస్తకాలు రాసే అమ్మాయి. బొమ్మల సినిమాలు చేసేవాళ్లనూ యానిమేటర్లే అంటారు. కాబట్టి ఈ పని మన యానిమేటర్లకే అప్పజెప్పాలని సమాఖ్య అనుకుంటోంది. ఒక్కో గ్రామ సంఘం తల్లులు చూసి బాగున్నాయన్న బొమ్మల పేర్లు పది, నెల నెలా సమావేశంలో రాసి గోడకు అంటించాలి. ఇంకొకటి: సమావేశం జరిగే చోట ఒక చాప, నాలుగు చెక్కబొమ్మలు, ఒక పాత చీర, కొన్ని గిన్నెలు పెట్టి, వంతుల ప్రకారం ఒక సభ్యురాలు పిల్లల దగ్గర కూర్చోవాలి. ఆ రోజు ఆమెకు హాజరు వేయాలి, జరిమానా ఉండకూడదు. దీన్ని ఒప్పుకునే గ్రామ సంఘాలు వచ్చే నెల సమావేశంలోనే తీర్మానం రాసి, నకలు మండల సమాఖ్య ఆఫీసుకు పంపించండి.